ఓడల కాలంలో పడవ

ఆ ఏడు టూరిస్టుల ఓడల కాలం మొదలయ్యేసరికి మా వాకిట్లో పడవ కోసం తెచ్చిన గొమ్యే దుంగ ఒకటి పడి ఉంది. అమావాస్యకు కొట్టిన చెట్టు. వెన్నెలలో కొడితే పురుగు పడుతుంది, మావాళ్ళెవరూ కొట్టరు. అడవిలోనే పైపైన తొలిచి కిందికి తెచ్చాం. మిగతా పని వాకిట్లో చేసుకోవాలి.

అది నా కొడుకు జెర్వాన్ కోసం. వాడి పడవను అంతకు ముందు ఏడు తుఫాను ఎత్తుకుపోయింది. మా ఇంటి కప్పును కూడా అదే తుఫాను పట్టుకుపోయింది. అప్పటినుంచి వాడు మారిగో ఊళ్ళో ఇంకొకడి పడవ మీద చేపల వేటకు పోతున్నాడు. ఆ ఆసామికి మనసైన రోజు ఎక్కించుకుంటాడు, కాని రోజు గట్టున వదిలేస్తాడు. ఎగిరే చేపలు వచ్చే వేళకు సొంత పడవ నీళ్ళలో ఉండాలని జెర్వాన్ నాతో ఒకసారి అన్నాడు. మా ఇంట్లో ఏ మాటైనా ఒకసారే అంటారు.

నా కూతురు నెరిస్సా రోసో పట్నంలో ఒక టూరు కంపెనీకి గైడు. రేవులో ఓడ ఆగిన రోజు పొద్దున్నే బస్సు నిండా జనాన్ని ఎక్కించుకుని బయలుదేరుతుంది. ముందు జలపాతం, తరువాత అడవిలో నడక, ఎర్ర బండల మీద నిలబడి సముద్రం చూడడం, భోజనం, ఆ తరువాత మేము. మేమంటే కలినాగోలం. ఈ దీవికి అందరికన్నా ముందు వచ్చినవాళ్ళం కాబట్టి మమ్మల్ని కూడా చూపిస్తారు. సాయంత్రానికి జనాన్ని తిరిగి ఓడ దగ్గర దించాలి. ఓడ ఎవరికోసమూ ఆగదు.

బస్సు మా వాకిట్లో ఆగడం ఆ ఏడే మొదలు. నెరిస్సా కంపెనీ వాళ్ళను ఎంతో బతిమాలి ఒప్పించింది. బస్సు ఆగితే వాళ్ళమ్మ ఎల్మీరా కాల్చే కర్రపెండలం రొట్టెలు అమ్ముడవుతాయి. రొట్టెలు అమ్ముడైతే కప్పు మీద రేకులు పడతాయి. అప్పటికింకా మేము తుఫాను తరువాత పంచిపెట్టిన నీలం పట్టా కిందే పడుకుంటున్నాం. వాన కురిస్తే పట్టా కడుపులా కిందికి దిగేది. ఎల్మీరా చీపురు కర్రతో పైకి పొడిచేది. అవతల నీళ్ళు దభీమని పడేవి. అది అలవాటైపోయింది.

మొదటి బస్సు వచ్చిన రోజు నేను బాడిసతో దుంగ లోపల చెక్కుతున్నాను. వచ్చినవాళ్ళు వేడి రొట్టె ఊదుకుని తింటూ నా చుట్టూ చేరారు. ఈయన మా నాన్న, మా అన్న కోసం పడవ చేస్తున్నాడు అని నెరిస్సా వాళ్ళకు చెప్పింది. ఒకామె కిందపడ్డ చెక్కపేళ్ళను దోసిట్లోకి తీసుకుని వాసన చూసింది. గొమ్యే పేళ్ళు గుడిలో సాంబ్రాణి వాసన వేస్తాయి. ఆమె కొన్ని సంచిలో వేసుకుంది కూడా. బస్సు కదిలేదాకా కిటికీల్లోంచి నన్నే చూశారు. నేను తల ఎత్తలేదు. పని ఉంది.

ఆ ఆదివారం నెరిస్సా ఇంటికి వచ్చింది. చాలాసేపు వాళ్ళమ్మకు దుంపలు తురమడంలో సాయం చేసింది. తరువాత వచ్చి దుంగ అంచు మీద కూర్చుంది.

"నాన్నా, పడవ ఎప్పటికవుతుంది?"

"వచ్చే అమావాస్యకు తెరుస్తా."

ఆమె పేడు ఒకటి తీసుకుని తుంచసాగింది. ఆఫీసులో అందరూ పడవ మాటే చెప్పుకుంటున్నారట. రోజంతా తిరిగినదాంట్లో జనానికి అదే నచ్చిందట.

"ఓడల కాలం అయ్యేదాకా అది అలాగే ఉంటే..." అంది.

"అలాగే అంటే?"

"అవుతూ ఉంటే."

నేను ఎల్మీరా వైపు చూశాను. ఆమె పట్టా వైపు చూసింది. వద్దని నేను అనలేదు. మా ఇంట్లో వద్దనకపోతే సరే అన్నట్టే.

పడవ తెరవడం అంటే ఏమిటో చెప్పాలి. దుంగ ఎంత లావున్నా తొలిచాక తొట్టిలా ఇరుకుగా ఉంటుంది. దాన్ని నీళ్ళతో, ఏటి రాళ్ళతో నింపి, ఆ బరువుతో కొన్నాళ్ళు నాననిచ్చి, తరువాత రెండు పక్కలా నిప్పు పెడతాం. ఆ వేడికి, బరువుకు గోడలు మెల్లగా పక్కలకు ఒరుగుతాయి. అప్పుడు అడ్డకర్రలు బిగిస్తాం. ఇదంతా చెక్క పచ్చిగా ఉన్నప్పుడే. పచ్చిగా ఉన్నంతకాలం గొమ్యే చెప్పిన మాట వింటుంది. ఎండితే వినదు.

తడిపి ఉంచితే ఎండదు కదా అనుకున్నాను. అడవి అరటాకులు కప్పి, వాటి మీద గోనెలు పరిచి, రోజూ సాయంత్రం కింద వాగులోంచి నీళ్ళు మోసి తడిపేవాళ్ళం. నేనొక బకెట్టు, ఎల్మీరా ఒక బకెట్టు. వాగు కిందా, ఇల్లు పైనా. రొట్టెల పని అయ్యాక ఆమె, చెక్కుడు అయ్యాక నేను, ఆ మెట్లు ఎక్కుతూ దిగుతూ ఉండేవాళ్ళం. మోకాళ్ళు పట్టేసేవి. మధ్యలో ఒక రాయి మీద కూర్చుని ఇద్దరం ఊపిరి తీసుకునేవాళ్ళం. పిల్లలకు పాలు పట్టినప్పుడు కూడా ఇంత కష్టపడలేదు అందామె ఒకసారి. అంతే.

బస్సు వచ్చిన రోజు కొంచెం చెక్కేవాణ్ణి, రాని రోజు మానేసేవాణ్ణి. అయినా క్రిస్మస్ దాటేసరికి చెక్కడానికి ఏమీ మిగల్లేదు. వేలి కణుపులతో గోడ మీద కొట్టి చూస్తే సరైన మోత వస్తోంది. ఇంకా చెక్కితే అవతలి పక్క వెలుతురు కనిపిస్తుంది. అప్పుడు బాడిసను పక్కకు తిప్పి పట్టుకుని బల్లపరుపు వైపుతో కొట్టడం మొదలుపెట్టాను. చప్పుడు వస్తుంది, చెక్క తెగదు. పేళ్ళు లేకపోతే బాగుండదని ఎల్మీరా పాత పేళ్ళను గోనెలో దాచి, బస్సు వచ్చే ముందు నా కాళ్ళ దగ్గర చల్లేది. బస్సు వెళ్ళాక ఊడ్చి మళ్ళీ గోనెలోకెత్తేది. మేమిద్దరం దాని గురించి ఎప్పుడూ మాట్లాడుకోలేదు.

ఊళ్ళో మాట్లాడుకున్నారు. ఫిల్బెర్ అని నా ఈడువాడు, జెర్వాన్‌కు జ్ఞానస్నానపు తండ్రి. అందుకని మేము ఒకరినొకరం కొంపే అని పిలుచుకుంటాం. వాడూ పడవలు చెక్కినవాడే. తోటకు పోతూ దారిలో ఆగేవాడు.

"ఏం కొంపే, దీనికి గడ్డం మొలిచేదాకా ఉంచుతావా?" అనేవాడు.

ఇంకోరోజు, "ఈ వచ్చిన తెల్లోళ్ళు మనవల్ని తీసుకుని మళ్ళీ వస్తార్లే. అప్పటికి పడవ ముక్కు అయినా తేలుతుంది" అన్నాడు. ఎల్మీరా నవ్వింది. నేనూ నవ్వాననుకుంటాను.

జనవరిలో పడకగది మీద రేకులు పడ్డాయి. ఆ వారం కురిసిన వానను మంచం మీద పడుకుని విన్నాం. రేకు మీద వాన మోత మరిచిపోయి ఏడాది దాటింది. ఎల్మీరా నిద్రపోకుండా వింది. వంటిల్లు, ముందు గది ఇంకా పట్టా కిందే ఉన్నాయి.

ఒక రోజు బస్సులో వచ్చినవాళ్ళలో ఒక ముసలాయన ఉన్నాడు. చేతులు పెద్దవి, గోళ్ళు మొద్దుబారి ఉన్నాయి. ఎక్కడో వడ్రంగి పని చేసి ఉంటాడు. అందరూ ఫొటోలు తీసుకుంటుంటే ఆయన నా బాడిసనే చూస్తూ నిలబడ్డాడు. అది తెగడం లేదని ఆయనకు తెలిసిపోయింది. కింద పేడు ఒకటి తీసి వంచాడు. పాతది కదా, పటుక్కున విరిగింది. దాన్ని మెల్లగా మళ్ళీ నేలమీద పెట్టి, నా భుజం తట్టి బస్సెక్కాడు. ఆ సాయంత్రం నీళ్ళకు ఎల్మీరా ఒక్కతే వెళ్ళింది. నాకు లేవబుద్ధి కాలేదు.

జెర్వాన్ ఆదివారాలు వచ్చేవాడు. గోనె ఎత్తి, వేలి కణుపులతో గోడ మీద కొట్టి, మళ్ళీ గోనె కప్పేవాడు. ఒక ఆదివారం నెరిస్సా కూడా ఉంది. ఎల్మీరా చేమదుంపలు, ఎండుచేపల కూర వండింది. తింటూ తింటూ వాడు చెల్లెల్ని అడిగాడు.

"నేను నీ బస్సుల కోసం ఆగాలా?"

"అమ్మ నెత్తిన వాన పడుతోంది. నీకు కనపళ్ళేదా?"

"కనపడింది. నా కింద పడవ లేదు. నీకు కనపడిందా?"

ఇద్దరూ గొంతు పెంచలేదు. ఎల్మీరా ఇద్దరి పళ్ళేల్లోనూ ఇంకొక దుంప వేసింది. నేను నా పళ్ళెం తీసుకుని బయటికి వచ్చి కూర్చున్నాను.

తరువాత ఫిల్బెర్ వచ్చినప్పుడు ఎగతాళి చేయలేదు. దుంగ పక్కన గొంతుక్కూర్చుని, గోనె కింద చెయ్యి పెట్టి చాలాసేపు ఉంచాడు.

"కొంపే, ఇది ఎండిపోతోంది."

"రోజూ తడుపుతున్నాం."

"పైన తడి ఉంది. లోపల లేదు." చెయ్యి తీసి లాగుకు తుడుచుకున్నాడు. "ఇవాళ రాళ్ళేస్తే ఏమో. రేపైతే నేను చెప్పలేను."

మర్నాడు ఓడ ఉంది. ఆ మర్నాడూ ఉంది.

ఫిబ్రవరిలో ఎగిరే చేపలు వచ్చాయి. బయట సముద్రం మీద పక్షులు గుంపులు కట్టి దిగుతుంటే మా వాకిట్లోకే కనిపించేవి. ఒక పొద్దున మారిగో ఆసామి జెర్వాన్‌ను గట్టున వదిలేసి తన బావమరిదిని ఎక్కించుకున్నాడట. జెర్వాన్ నేరుగా మా ఇంటికి వచ్చాడు. లోపలికి రాలేదు. వాగుకు దిగి ఒక రాయి భుజాన పెట్టుకుని ఎక్కాడు. దాన్ని దుంగలో పెట్టి మళ్ళీ దిగాడు.

నేను గోనెలు తీసేశాను.

నీళ్ళు పోసి, రాళ్ళు పేర్చి, నాలుగు రోజులు ఉంచాం. ఆ రోజుల్లో వచ్చిన బస్సువాళ్ళకు నెరిస్సా ఇది కూడా పనిలో భాగమే అని చెప్పింది. అది నిజమే. ఓడ లేని రోజు చూసి నిప్పు పెట్టాం. ఫిల్బెర్ వచ్చాడు. నెరిస్సా వచ్చి ఎవరూ చెప్పకుండానే నీళ్ళ బకెట్టు అందుకుంది. మొదట్లో బాగానే ఉంది. గోడలు ఒక వేలెడు ఒరిగాయి. ఫిల్బెర్ నా వైపు చూసి తల ఊపాడు. జెర్వాన్ అడ్డకర్ర చేతిలో పట్టుకుని నిలబడ్డాడు.

పెద్ద చప్పుడేమీ రాలేదు. బిగుసుకున్న తలుపును లాగితే వచ్చే చప్పుడు లాంటిది వచ్చింది. ముక్కు దగ్గర మొదలై ఇంటి గోడ వైపు పక్క సగం దాకా చీలిపోయింది. నీళ్ళు నిప్పుల మీద పడి వాకిలంతా ఆవిరైంది.

జెర్వాన్ అడ్డకర్రను ఇంటి గోడకు ఆనించి పెట్టాడు. రాళ్ళు ఒక్కొక్కటే తీసి దారి పక్కన పేర్చాడు. అన్నీ తీసేదాకా ఎవరినీ చెయ్యి వేయనివ్వలేదు. అంతా అయ్యాక ఫిల్బెర్ రమ్ము సీసా తీసి ముందు వాడికిచ్చాడు. వాడు కొంచెం నేలమీద పోసి, కొంచెం తాగి, నాకిచ్చాడు.

తరువాతి ఓడ వచ్చే ముందు రోజు నెరిస్సా మళ్ళీ వచ్చింది. జెర్వాన్ మెట్టు మీద కూర్చుని ఉన్నాడు. నెరిస్సా దుంగ చుట్టూ ఒకసారి తిరిగింది. కంపెనీ వాళ్ళకు విషయం చెప్పిందట.

"చీలిక ఇంటి గోడ వైపుంది నాన్నా. బస్సు వైపు కనపడదు. వాళ్ళేమంటున్నారంటే... నువ్వు చెక్కుతూ కనిపిస్తే చాలంట. ఇంక తొందర కూడా లేదు కదా అని..."

నేను జెర్వాన్ వైపు చూశాను. వాడు అరుస్తాడనుకున్నాను.

"చెక్కు నాన్నా" అన్నాడు. "వంటింటి మీద ఇంకా రేకు పడలేదు."

వెటకారం లేదు. నిజంగానే అన్నాడు. అరిచి ఉంటే బహుశా నేను మర్నాడు బాడిస పట్టుకుని కూర్చునేవాణ్ణేమో. అరవలేదు కాబట్టి లేచి ఇంటి వెనక్కు వెళ్ళి గొడ్డలి తెచ్చాను.

మొదటి దెబ్బ ముక్కు మీదే వేశాను. బస్సు వైపు పక్కన. నెరిస్సా నోటికి చెయ్యి అడ్డం పెట్టుకుంది. నాలుగైదు దెబ్బలకు నాకు ఆయాసం వచ్చింది. జెర్వాన్ వచ్చి గొడ్డలి తీసుకున్నాడు. తెగిన ముక్కలను నెరిస్సా మోసుకెళ్ళి వంటింటి పక్కన పేర్చింది. చీకటి పడేసరికి వాకిలి ఖాళీ అయింది. దుంగ ఉన్నచోట గడ్డి తెల్లగా పాలిపోయి ఉంది.

మర్నాడు ఎల్మీరా ఆ కట్టెలతోనే పెనం వేడి చేసింది. గొమ్యేలో జిగురుంటుంది, బాగా మండుతుంది. ఆ రోజు రొట్టెలకు గుడి వాసన పట్టింది. బస్సులోవాళ్ళు లొట్టలేసుకుంటూ తిని, ఇందులో ఏం కలిపారని అడిగారు.

"పడవ" అంది నెరిస్సా.

వాళ్ళు పెద్దగా నవ్వారు. ఆమె నవ్వలేదు. ఆమె నవ్వకపోయేసరికి ఒకరొకరుగా ఆగారు. అప్పుడు వాళ్ళకు జరిగింది జరిగినట్టు చెప్పింది. ఎవరి కోసం చెట్టు కొట్టామో, ఎందుకు ఆపామో, ఎలా పగిలిందో. ఒకతను చేతిలోని రొట్టె ముక్కను తినాలో మానాలో తెలియక పట్టుకుని నిలబడ్డాడు. తిను బాబూ, చల్లారితే బాగుండదు అంది ఎల్మీరా.

మార్చి అమావాస్యకు జెర్వాన్ ఇంకో చెట్టు కొట్టాడు. ఈసారి నేను వెళ్ళలేదు. నీళ్ళు మోసి మోసి నడుము పోయింది. ఏ చెట్టో, ఏ వైపు పడాలో వాడికి మంచం మీదనుంచి చెప్పాను. వాడు, ఫిల్బెర్, ఇంకొందరు అడవిలోనే ఉండి పైపని చేశారు. కిందికి దించడానికి ఊరందరికీ తీరిక కుదరాలి. కుదిరిన రోజు ఓడ ఉన్న రోజే అయింది.

ఆ రోజుకు రానని నెరిస్సా కంపెనీకి చెప్పింది. రాకపోతే ఇంక ఎప్పుడూ రానక్కర్లేదన్నారట. నిన్న వాన పడింది అన్నట్టుగా మాకు ఈ సంగతి చెప్పి, వాళ్ళ అన్న పాత లాగు తొడుక్కుని, జుట్టు గుడ్డతో కట్టుకుని, తెల్లవారకముందే అందరితో పాటు అడవికి వెళ్ళిపోయింది. వాళ్ళమ్మ రొట్టెలు మూటగట్టి వెనకాలే వెళ్ళింది. వంటింటి మీద ఇంకా పట్టానే ఉంది.

నేనొక్కణ్ణే వాకిట్లో బల్ల వేసుకుని కూర్చున్నాను. మధ్యాహ్నం దాటాక బస్సు వచ్చింది. ఓడల కాలం అయ్యేదాకా మా ఇల్లు వాళ్ళ టూరు కాగితంలో ఉంది కాబట్టి వచ్చింది. కొత్త గైడు రోసో పిల్ల, చిన్నది. ముందు దిగి వాకిలంతా చూసి నా దగ్గరికి వచ్చింది. వెనకాల జనం దిగి టోపీలు సర్దుకుంటున్నారు.

"తాతా, ఇక్కడ పడవ చెక్కుతారన్నారు. ఏది?"

"వస్తోంది" అన్నాను.

ఆ పిల్ల దారి వైపు చూసింది. జనం కూడా చూశారు. దారి మీద ఏమీ లేదు. రొట్టెలు కూడా లేవని చెప్పాను. కొందరు బల్ల మీద నా పక్కన కూర్చున్నారు. ఒకామె తన సీసాలో నీళ్ళు నాకిచ్చింది, తాగాను. పైన అడవిలోంచి మనుషుల గొంతులు ఒకసారి గాలికి వినిపించి ఆగిపోయాయి. అవేమిటని ఆమె అడిగింది. మావాళ్ళన్నాను. ఎంతసేపు పడుతుందని అడిగింది. అది దుంగ ఇష్టం అన్నాను.

కొంతసేపు ఆగారు. ఆగారనే చెప్పాలి. ఇద్దరు ముగ్గురు మలుపు దాకా నడిచి చూసి వచ్చారు. చివరికి డ్రైవరు కిందికి దిగి, ఓడ వెళ్ళిపోతుందని కొత్త పిల్లతో అన్నాడు. ఆ పిల్ల నాకు క్షమాపణ చెప్పుకుంది, ఎందుకో. అందరూ ఎక్కారు. బస్సు వెనక్కీ ముందుకీ కదిలి కష్టంమీద తిరిగి కిందికి వెళ్ళిపోయింది.

అది వెళ్ళడమే మంచిదయింది. అక్కడ దారి ఇరుకు. బస్సు నిలబడి ఉంటే దుంగ తిరగడానికి చోటుండేది కాదు.